మాగోనియా నావలు

భూగోళ పటములలో ఎక్కడను కానరాని దేశమొకటి కలదు. దాని పేరు మాగోనియా. ఆ దేశపు ఓడలు సముద్రముపై నడువవు. మేఘములపై తేలుచు వచ్చును. భూమిమీద వడగండ్లు పడి పంట నేలరాలినప్పుడు ఆ ధాన్యమును, ఆ పండ్లను మేఘనావికులు తమ ఓడలకెక్కించుకొని స్వదేశమునకు పోవుదురు. వడగండ్లను కురిపించువారు మాత్రము ఆ దేశస్థులు కారు. వారు మన యూరిలోనే, మన పొరుగింటనే కాపురముండు మంత్రగాండ్రు. మంత్రబలముచే వారు గాలిని లేపుదురు. గాలి వడగండ్లను దింపును. నావికులు వచ్చి ధాన్యము వెల వారిచేతిలో పెట్టి పోవుదురు.

ఇది యే బాలకథాసంపుటములోనిదో అని చదువరులు తలపవచ్చును. కాదు. క్రీస్తు శకము 9వ శతాబ్ది ఆరంభమున ఫ్రాంకుల రాజ్యములో, లియోన్ నగర ప్రాంతమున, జనులు నిజమని నమ్మి, దానినిబట్టి మనుష్యులను గొలుసులతో కట్టిన వృత్తాంతమిది. కథగా చూచినచో ఇంతకంటె సొగసైన కల్పన యరుదు. ఆ కల్పనతో మాకు వైరము లేదు. దానిని సాక్ష్యముగా మార్చి తోడిమనుష్యుని దోషిగా నిలువబెట్టు బుద్ధితోనే మాకు వైరము. ఆ బుద్ధి 9వ శతాబ్దితో అంతరించినదని మన విద్యావంతులలో పలువురు నమ్మి నిశ్చింతగా నున్నారు. వారి నిశ్చింతను చెరుపుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

మాగోనియా సంగతి మనకు తెలియుటకు కారణము అగోబార్డు అను క్రైస్తవ మతాచార్యుడు. అతడు 816లో లియోన్ నగరమునకు ఆర్చిబిషప్పయి, నడుమ కొంతకాలము పదవి కోల్పోయినను, 840లో మరణించునాటికి ఆ పీఠముననే యుండెను. వడగండ్లను, ఉరుములను గూర్చి జనులలో గల మూఢవిశ్వాసమును ఖండించుచు అతడు లాటిను భాషలో ఒక చిన్న గ్రంథము రచించెను. అతని రచనలు గల వ్రాతప్రతిని 1605లో లియోన్ నగరమున పుస్తకములు కుట్టువాడొకడు కోసి వాడుకొనబోవుచుండగా పపీర్ మాసోన్ అను పండితుడు చూచి కాపాడెను. ఆ పండితుడు అంగడికి ఆలస్యముగా వచ్చియుండినచో ఆ ఖండనము నశించెడిది. విశ్వాసము మాత్రము నశించెడిది కాదు. దానికి వ్రాతప్రతితో పనిలేదు.

గ్రంథారంభముననే అగోబార్డు ఒక మాట చెప్పుచున్నాడు. ఆ సీమలో గొప్పవారు, సామాన్యులు, పట్టణవాసులు, పల్లీయులు, వృద్ధులు, యువకులు దాదాపుగా అందరును వడగండ్లు, ఉరుములు మనుష్యుల ఇచ్ఛచే పుట్టునని నమ్ముచున్నారట. ఉరుము వినినంతనే, మెరుపు కనినంతనే, ఇది లేపిన గాలి అందురట. ఎవరు లేపిరని యడిగినచో గాలిమంత్రగాండ్రు లేపిరని చెప్పుదురట. ఈ వరుసలో అతడు గొప్పవారిని ముందు నిలిపినాడు. మూఢవిశ్వాసము నిరక్షరాస్యుల సొత్తని, అక్షరములు నేర్పినచో అది తనంత తానే తొలగునని మన సంస్కర్తలలో కొందరు చేయు వాదమును ఆ వాక్యక్రమమొక్కటియే సందేహములో పడవేయుచున్నది.

ఇక ముఖ్యమైన ఘటనము. జనసమూహమొకటి నలుగురిని, ముగ్గురు పురుషులను ఒక స్త్రీని, బంధించి కొన్ని దినములు గొలుసులలో నుంచెను. వీరు మేఘనావలనుండి జారిపడినవారని నిశ్చయించి, రాళ్లతో కొట్టి చంపవలెనని అగోబార్డు సమక్షమునకే తెచ్చిరి. ఆయన చాలసేపు వాదింపవలసి వచ్చెను. తుదకు సత్యము జయించి, పట్టి తెచ్చినవారే సిగ్గుపడిరని ఆయన వ్రాసినాడు. ఆ నలుగురి పేర్లను గ్రంథము చెప్పదు.

చదువరులారా! ఈ ఘటనములోని వైపరీత్యమును చూడుడు. జనులు ఆకాశమంత దేశమును కల్పించిరి. దానికి ఓడలను, నావికులను, వర్తకమును కల్పించిరి. ఆ కల్పనాసామ్రాజ్యమంతయు తుదకు నలుగురు దిక్కులేనివారి మెడలమీద వచ్చి కూర్చుండెను. ఆకాశమున ఓడ ఒక్కటియు పట్టుబడలేదు. పట్టుబడినవారు మనుష్యులు. మాయాప్రళయములన్నిటి గతి ఇదియే. వాని ఆరంభము మేఘమండలమున. వాని అంతము ఎవరో ఒక వితంతువు వాకిట, ఎవరో ఒక పరదేశి త్రోవలో.

అగోబార్డు కేవలము శాస్త్రవచనములతో తృప్తిపడలేదు. అతడు విచారణ చేసెను. ఇట్టి గాలిమంత్రమును కన్నులార చూచినవాడున్నాడని యెవరో చెప్పగా, అతని దర్శనమునకై ప్రయత్నించి, దొరకిన పిమ్మట, నిజము తప్ప మరేమియు చెప్పవలదని గట్టిగా ప్రార్థించి, ప్రమాణము పెట్టి యడిగెను. ఆ మనుష్యుడు జరిగినది నిజమేయనెను. చేసినవాని పేరు చెప్పెను, స్థలము చెప్పెను, కాలము చెప్పెను. అప్పుడు తానక్కడ ఉండలేదని కూడ చెప్పెను. పన్నెండు శతాబ్దములు గడచినను ఆ సాక్షి మరణింపలేదు. మా బావమరిది స్నేహితుడు చూచెననియు, ఒక పెద్ద శాస్త్రజ్ఞుడు చెప్పెననియు, చేతిలోని ఫోనులో ఎవరో పంపిరనియు నేటికిని అతడే సాక్ష్యము పలుకుచున్నాడు. పేరుండును, ఊరుండును, తేదియుండును. చూచిన కన్ను మాత్రముండదు.

అగోబార్డు గ్రంథమున మా మనస్సునకు అన్నిటికంటె లోతుగా తాకిన విషయము వేరొకటి. ఆ సీమలో మరియొక తెగవారుండిరట. వారు, మాకు గాలి లేపుట తెలియదు గాని, లేచిన గాలినుండి మీ యూరిని కాపాడుట తెలియును అని చెప్పుకొనెడివారు. పంట యింటికి వచ్చినంతనే జనులు తమ ధాన్యములో ఇంతయని నిర్ణయించి వారికి కొలిచి ఇచ్చెడివారు. ఆ కొలతకు ఒక మర్యాదపేరు కూడ పెట్టుకొనిరి. దేవాలయమునకు ఇయ్యవలసిన దశమభాగమును ఇయ్యనివారు, ఎంత బోధించినను వితంతువులకు, అనాథలకు, బీదలకు గింజ పెట్టనివారు, ఎవరును బోధింపకయే, ఎవరును హెచ్చరింపకయే ఈ రక్షకులకు మాత్రము సంతోషముగా చెల్లించుచుండిరని ఆయన దుఃఖించినాడు.

మాగోనియా అజ్ఞానముచే పుట్టినదని మనము తేలికగా చెప్పుదుము. ఆ దేశమున కొక లెక్కపుస్తకము కూడ ఉన్నదని మరతుము. భయము కలిగించువాడొకడు, భయమును తీర్చుటకు కూలి తీసికొనువాడొకడు. పలుచోట్ల ఇద్దరును ఒక్కడే. ఈ వ్యాపారము నడచునంత కాలము అక్షరాస్యత ఒక్కటియే దానిని మూయింపలేదు. ఇంకొక లాభము కూడ కలదు. అనాథకు పెట్టవలెనన్న తన గింజ తగ్గును. గాలిమంత్రగానిని తిట్టవలెనన్న తగ్గునదేమియు లేదు. మూఢవిశ్వాసము కర్తవ్యముకంటె చౌక. అందుచేతనే అది యెక్కువగా అమ్ముడుపోవుచున్నది.

వడగండ్లు నిజముగా ఎట్లు పుట్టునో బాలురు కూడ తెలిసికొనదగును. ఎండచే నేల కాగును; నేలనంటిన తడిగాలి వేడియై తేలికపడి పైకి లేచును; లేచి లేచి చల్లబడి దానిలోని యావిరి మేఘమగును. గాలి మిక్కిలి వడిగా లేచునప్పుడు మేఘపు తల కొన్ని మైళ్ల యెత్తునకు పోవును. అక్కడ నీటితుంపురులు సున్న డిగ్రీలకంటె తక్కువ చలిలో నుండియు గడ్డకట్టక నీరుగానే నిలుచును. అట్టి తుంపురులు ఒక చిన్న మంచుగింజకు తగిలినంతనే దానిపై గడ్డకట్టుచు పొర చేర్చును. పైకి లేచు గాలి ఆ గింజను మోయగలిగినంత కాలము అది పెరుగును. మోయలేనంత బరువైన క్షణమున పడును. తెలుగుదేశమున వేసవి మొదట యాసంగి వరి కంకులమీద, పిందెపట్టిన మామిడి తోటలమీద పడు వడగండ్ల పుట్టుక యిదియే.

ఇందొక చమత్కారము కలదు. లియోన్ పల్లెవాండ్రు తుపానుకు పెట్టిన పేరు, లేపిన గాలి, తప్పుపేరు కాదు. వడగండ్లు నిజముగా లేచిన గాలిచేతనే పుట్టును. ఆ కర్షకుల కన్ను సరిగానే చూచినది. ఎవరు లేపిరి అను ప్రశ్నయొద్దనే వారి బుద్ధి తొట్రుపడినది. ఎండ లేపినది అను సమాధానమువలన ఎవనిని కట్టివేయుటకును వీలులేదు. ఎవనికిని ధాన్యము కొలువవలసిన పనియు లేదు. అందుచే ఆ సమాధానమెవరికిని రుచింపలేదు.

తమ మాటలనుబట్టియే అగోబార్డు వారిని నిలదీసినాడు. గాలిమంత్రగాండ్రకు మేఘములు వశమైనచో, అనావృష్టిచే విత్తనములు చల్లుటకు వీలులేని యేట వారిచేత వాన కురిపించుకొని పొలములు తడుపుకొనరాదా? అట్లు చేసిన వానిని మీరు చూచితిరా, వింటిరా? ఈ ప్రశ్నకు నాడును సమాధానము రాలేదు, నేడును రాదు. మాయావి యెప్పుడును కీడుచేయుటకే సమర్థుడు. మేలు చేయుమన్నచో శక్తిలేనివాడు. అట్టి శక్తి ఒకరి నేరమును నిరూపించుటకు మాత్రమే కల్పింపబడినదని ఇంతకంటె స్పష్టముగా ఎట్లు తెలియవలెను?

ఆ గ్రంథముననే ఇంతకంటె భయంకరమైన వృత్తాంతమున్నది. కొన్ని సంవత్సరములకు పూర్వము పశువులకు పెద్ద తెగులు వచ్చెను. షార్లమేను చక్రవర్తికి విరోధియైన బెనెవెంటో ప్రభువు గ్రిమోల్డు, విషపు పొడినిచ్చి మనుష్యులను పంపెననియు, వారు దానిని పొలములలో, కొండలలో, పచ్చికబయళ్లలో, ఊటలలో చల్లిరనియు వదంతి పుట్టెను. ఎందరో పట్టుబడిరి, కొందరు చంపబడిరి, పలువురను పలకలకు కట్టి నదిలో త్రోసిరి. అగోబార్డు అడుగుచున్నాడు: పశువులను మాత్రమే చంపి యితర జంతువులను చంపని పొడి యెట్టిది? బెనెవెంటోలోని స్త్రీపురుషులు, వృద్ధులు, యువకులు అందరును తలకు మూడేసి బండ్ల పొడి తోలుకొని వచ్చినను ఇంత విశాలమైన సీమలో చల్లుటకు చాలునా? ఒక వదంతికి కొలమానము పట్టి చూచిన ఆ ఉపాధ్యాయబుద్ధికి మేము నమస్కరించుచున్నాము.

పట్టుబడినవారిలో పలువురు తమకు తామే నేరము నొప్పుకొనిరట! మా యొద్ద పొడి యున్నది, మేము చల్లితిమి అనిరట. కొరడా యైనను మరణభయమైనను వారి నోరు మూయింపలేకపోయెనని ఆ గ్రంథకర్త ఆశ్చర్యపడినాడు. ఒప్పుకోలు నేరమునకు ఋజువనుకొను న్యాయవాదులు ఈ వాక్యమును గోడకు వ్రాసికొనవలెను. ఊరంతయు ఒక్క గొంతుతో నీవే మాంత్రికుడవని పలికినప్పుడు ఒంటరివాని మనస్సు కూడ తుదకు ఊరితో కలిసి తనకే యెదురుతిరుగును.

ఇది యెక్కడిదో పరదేశపు పాతకథయని తలపకుడు. మన తెలంగాణములో బాణామతి, ఆంధ్రమున చేతబడి యను పేర్లతో జరుగు దౌర్జన్యములు ఇట్టివే. బిడ్డకు జ్వరము వచ్చిన, గేదె పాలు తగ్గిన, ఊరిలో వరుసగా రెండు చావులు జరిగిన, దిక్కులేని ముసలివారిని స్తంభమునకు కట్టి కొట్టిరి. మంత్రము పలుకకుండునట్లు పండ్లు ఊడబెరికిరి. కొన్నిచోట్ల సజీవముగా దహించిరి. జాతీయ నేర నమోదు సంస్థ ప్రకటించు వార్షిక నివేదికలలో హత్యాకారణముల పట్టికయందు మంత్రవిద్య యను శీర్షిక నేటికి కూడ నుండుట మన నాగరకతకు అవమానము. వానకై రోకలికి కప్పను కట్టి, వేపాకు చుట్టి, ఇంటింట నీళ్లు పోయించుకొను ఆచారమును మా సంస్కర్తమిత్రులు పరిహసింతురు. అందు కప్పకు బాధ కలదు. దానిని మేము మెచ్చము. కాని ఆ పాట వానను వేడుకొనుచున్నది. ఎవనిని వేలెత్తి చూపుట లేదు. వేడుకొను మూఢత్వమునకును వేలెత్తు మూఢత్వమునకును గల భేదమును గుర్తింపని సంస్కరణము గురి తప్పిన బాణము.

ఇప్పుడు విద్యావంతుల వంతు. 2022 జూలైలో గోదావరి వరద భద్రాచలమువద్ద 71 అడుగులు దాటెను. ఆ నెల 17వ తేదీన ముంపు ప్రాంతములను చూడవచ్చిన అప్పటి తెలంగాణ ముఖ్యమంత్రి, మేఘవిస్ఫోటములవెనుక విదేశముల కుట్ర యున్నదని చెప్పుకొనుచున్నారనియు, అది యెంతవరకు నిజమో తెలియదనియు, మునుపు లదాఖులోను ఉత్తరాఖండములోను అట్లు చేసినట్లు వినవచ్చుచున్నదనియు పలికెను. ఎంత నిజమో తెలియదని ఆయనయే చెప్పుట మేము గుర్తించితిమి. కాని ముంపులో నిలిచిన ప్రజకు, నిజమో కాదో తెలియని మాటను రాజ్యాధికారి ఎందుకు వినిపింపవలెను? ఆ సాక్షి కూడ అక్కడ లేడు!

అగోబార్డు బండ్లలెక్కను ఇచ్చట వేసి చూతము. మన వాతావరణశాఖవారి నిర్వచనము ప్రకారము మేఘవిస్ఫోటమనగా సుమారు 20, 30 చదరపు కిలోమీటర్ల చోట ఒక గంటలో 10 సెంటీమీటర్ల వాన. గోదావరి పరీవాహక ప్రదేశము 3 లక్షల చదరపు కిలోమీటర్లకు మించినది. మహానది వంటి మహానదులు పొంగవలెనన్నను, గోదావరి భద్రాచలమును ముంచవలెనన్నను, వేలకొలది చదరపు కిలోమీటర్లపై దినములతరబడి వాన పడవలెను. శత్రుదేశమేదియో మేఘముమేఘమునకు ఒక విమానము పంపినను ఈ పని సాగదు. మరియు 1986 ఆగస్టులో అదే భద్రాచలమువద్ద వరద 75.6 అడుగులకు వచ్చెను. నాడు గాలి లేపిన మంత్రగాడెవడు?

ఈ వ్యాధి మనకే ప్రత్యేకము కాదు. 2024 సెప్టెంబరు చివర హెలీన్, అక్టోబరులో మిల్టన్ అను తుపానులు అమెరికాను తాకినప్పుడు, అవి ప్రభుత్వమే చేయించినవని లక్షలకొలది జనులు చెప్పుకొనిరి. తుపాను వచ్చుచున్నదని ముందుగా హెచ్చరించిన వాతావరణ శాస్త్రజ్ఞులకే చంపుదుమని బెదిరింపులు వచ్చెను. ఉత్తర కెరొలైనాలో అన్నవస్త్రములు తెచ్చిన సహాయోద్యోగులు సైతము బెదిరింపులవలన కొన్నిచోట్ల పని నిలుపవలసి వచ్చెను. చంద్రునిపై కాలు మోపిన జాతియది. విశ్వవిద్యాలయములకు అక్కడ కొదువయా? గొలుసులు తెచ్చు చేయి పల్లెటూరి చేయియే కానక్కరలేదు.

మా వాదమునకు బుద్ధిమంతులు రెండు ఆక్షేపణలు చేయుదురు. వానిని దాచుట న్యాయము కాదు.

మొదటిది: మేఘములలో మందు చల్లి వాన కురిపించుట నేడు నిజమే కదా యని. నిజమే. 1946లో అమెరికాలో విన్సెంటు షేఫర్ మేఘములో పొడిమంచు చల్లి మంచుతునుకలు రాల్చి చూపెను. 2000ల దశకములో మన ఆంధ్రప్రదేశ ప్రభుత్వము కూడ మేఘమథనమను పేర ఆ యత్నము చేసెను. 1967 మొదలు 1972 వరకు వియత్నాం యుద్ధమున అమెరికా సేన శత్రువుల త్రోవలను బురదచేయుటకై మేఘములలో మందు చల్లెను. అట్టి పనులను నిషేధించు అంతర్జాతీయ ఒడంబడిక 1978లో అమలునకు వచ్చెను. మందు కలదు, దుర్బుద్ధియు కలదు. కాని మందు మేఘమును పుట్టింపలేదు. ఉన్న మేఘమునుండి కొంచెము అధికముగా పిండవచ్చును, అదియు అన్నివేళల కాదు. అనంతపురపు వేరుసెనగకు కావలసిన వానను ఎండిన యాకాశమునుండి దింపలేని విద్య, గోదావరిని 71 అడుగులు లేపగలదని నమ్మువాడు అగోబార్డు ప్రశ్నను మరల వినవలెను.

రెండవ ఆక్షేపణ ఇంతకంటె గట్టిది. మానవుడే వాతావరణమును మార్చుచున్నాడని శాస్త్రజ్ఞులే చెప్పుచుండగా, మానవకృతమన్న పామరుని మాటలో తప్పేమని. 2021లో అంతర్జాతీయ వాతావరణ మార్పు సంఘము, గాలి, సముద్రము, నేల వేడెక్కుటకు మానవుడు కారణమగుట నిస్సంశయమని ప్రకటించినమాట వాస్తవము. గాలి ఒక డిగ్రీ వేడెక్కిన సుమారు నూటికి 7 వంతులు అధికముగా ఆవిరిని మోయగలదు. అందుచే పెద్దవానలు మరింత పెద్దవగుచున్నవి. కాని ఈ సత్యమునకును మాగోనియాకును పోలిక లేదు. మాగోనియాలో దోషి యొకడు, వాడు పరుడు, వాడు దాగియున్నవాడు. శాస్త్రము చూపు దోషి అనేకుడు, వానిలో మనమున్నాము, వాని బొగ్గును, వాని నూనెను కొలిచి పుస్తకములలో ప్రకటించినారు. మొదటి మాట రాయి పట్టుమనును; రెండవది లెక్క చూడుమనును. రాయి పట్టుటకు సిద్ధముగా నున్నవారే లెక్క చూచుటకు విసుగుకొనుట మేము ఎల్లెడల చూచుచున్నాము.

ఎవరు లేపిరి అను ప్రశ్నకు ఊరిలో చోటిచ్చిన కొలది, ఏమి చేయవలెను అను ప్రశ్నకు చోటు తగ్గును. మా వాదమునకు ఇదియే ప్రాణము. 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచినప్పుడు సుమారు పదివేలమంది మరణించిరి. 1990 మేలో దాదాపు అంతటి బలముగల తుపాను మన కోస్తాను తాకినప్పుడు మృతుల సంఖ్య వేయికి లోపుననే నిలిచెను. ఈ నడుమ కాలమున గాలిమంత్రగానిని ఎవరును పట్టుకొనలేదు. రాడారులు నిలిపిరి, తుపాను ఆశ్రయములు కట్టిరి, ముందుగా చెప్పి లక్షకు మించిన జనమును తీరమునుండి తరలించిరి. ఆ వేలకొలది ప్రాణములను కాపాడినది రక్షామంత్రము కాదు. సున్నము, ఇసుక, తంతి, లారి, వేళకు వచ్చిన వార్త.

భద్రాచలములో కరకట్ట యెత్తెంత ఉండవలెను? తూములు ఎవరు చూచుచున్నారు? పల్లపు కాలనీలవారికి మిట్టమీద ఇండ్లస్థలము లెప్పుడిచ్చెదరు? ఈ ప్రశ్నలకు సమాధానము చెప్పవలసినవాడు, మేఘముల వెనుక విదేశమున్నదని ప్రజ నమ్మినంత కాలము, సుఖముగా నిద్రింపవచ్చును. మాగోనియాకు పోవునది మన ధాన్యము కాదు. మన పాలకుల బాధ్యత, మన బాధ్యత. ఆ సరకును మోయుటకే ఆ నావలు వచ్చుచున్నవి.

అగోబార్డును మేము దేవునిగా చేయబోము. వదంతికి సాక్షి నడిగిన ఆ కలమే, యూదులపై కఠినమైన ద్వేషగ్రంథములను వ్రాసినది. మేఘనావలనుండి పడినవారని చెప్పిన నలుగురియెడ అతనికి కలిగిన న్యాయబుద్ధి, తన నగరములో కాపురముండు పరమతస్థులయెడ కలుగలేదు. తన మతము మెచ్చని వదంతిని పరీక్షించుట సులభము. తన మతము పెంచిన వదంతిని పరీక్షించుటయే కష్టము. సంస్కారాభిమానులైన మన గృహములలో బాణామతిని నవ్వువారు, ఒక కులమును గూర్చియో ఒక మతమును గూర్చియో వచ్చిన నిరాధారవార్తను భోజనముల వేళ నమ్మి చెప్పుకొనుట లేదా? ఆ గడపయొద్ద పరీక్ష మానిన సంస్కరణము సగము సంస్కరణము.

కొందరు మిత్రులు ఈ కీడంతటికి కథలే మూలమని, బాలురకు మాయావర్షముల కథలు చెప్పరాదని వాదింతురు. మేము అంగీకరింపము. ఇంద్రుడు ఏడుదినములు రాళ్లవాన కురిపింపగా కృష్ణుడు గోవర్ధనము నెత్తిన కథ వినిన బిడ్డ, కొండ క్రింద గోవులు, గొల్లలు అందరును ఒక్కచోట తల దాచుకొనుటను తలచుకొని ఆనందించును. వాన కురిపించినవానిని వెదకి కొట్టుటకు బయలుదేరడు. షేక్స్పియరు రచించిన టెంపెస్టు నాటకమున మాయచే తుపాను పుట్టించిన ప్రాస్పెరో, తుదకు పగ మాని, మంత్రదండమును విరిచివేయుటకు నిశ్చయించుకొనును. మంచి కథలలో మాయాప్రళయము క్షమయందు ముగియును. వదంతిలో మాత్రమే అది శవమునందు ముగియును. కథ తాను కథనని ఒప్పుకొనును, వదంతి ఒప్పుకొనదు. బిడ్డలకు మేఘనావల కథ నిండుగా చెప్పుడు. అది కథయని చెప్పుట మరువకుడు. ఆ నలుగురి సంగతియు చెప్పుడు.

గృహస్థులైన మా చదువరులను మేము కోరునది పెద్ద వ్రతము కాదు. వరద వచ్చినను, వడగండ్లు పడినను, తెగులు పుట్టినను, దానివెనుక ఎవరో ఉన్నారని వార్త మీ యింటికి వచ్చును. రాక మానదు. వచ్చినప్పుడు నాలుగు ప్రశ్నలు వేయుడు. చెప్పినవాడు చూచెనా? చెప్పిన పని కొలతకు నిలుచునా, ఎన్ని బండ్ల పొడి కావలెను? దీనిని నమ్మినందువలన ఎవని గాదె నిండును, ఎవని బాధ్యత తప్పును? దీనిని నమ్మినచో రేపు గొలుసులలో నుండువాడెవడు? ఈ నాలుగింటికి సమాధానము రానంతవరకు ఆ వార్తను మీ నోటితో గాని, మీ వ్రేలితో గాని మరియొక యింటికి పంపకుడు. పంపినచో, ఆ నలుగురికి కట్టిన గొలుసులో ఒక కొక్కెము మీ యింట చేయబడినదని తెలిసికొనుడు.